ఇనుప భీముడు

'ధృతరాష్ట్ర కౌగిలి' అన్న పలుకుబడి తెలియని తెలుగువారు అరుదు. పైకి ఆప్యాయత, లోపల పగ అన్న అర్థంలో అది వాడుకలో స్థిరపడిపోయింది. ఎన్నికల పొత్తులు కుదిరినప్పుడల్లా పత్రికలవారు ఈ మాటను దుమ్ము దులిపి బయటికి తీస్తూనే ఉంటారు. అయితే ఆ కౌగిలిలో నలిగినది ఎవరు, లేక ఏది, అన్న విషయం మాత్రం నానుడి వెనుక మరుగున పడింది. నలిగినది భీముడు కాదు, భీముని ఇనుప ప్రతిమ. ఒక మనిషి, మనిషి రూపంలో ఉన్న లోహాన్ని నలుగురి ఎదుట ఏం చేశాడో చెప్పే కథ అది.

ఈ కథను ఇప్పుడు తలచుకోవడానికి కారణం మరమనుషులు. కర్మాగారాలలో ఇనుము అతికే యంత్రహస్తాల సంగతి కాదు నేను చెప్పబోయేది. జనం మధ్య తిరగడానికి, పలకరించడానికి, దారి చూపడానికి, పళ్లెం తెచ్చి ఇవ్వడానికి తయారైన మరమనుషుల సంగతి. వారితో మనం బహిరంగస్థలాలలో ఎలా మెలగుతున్నామన్నది ఈనాటి శాస్త్రజ్ఞులు శ్రద్ధగా పరిశీలిస్తున్న విషయం. దీనిని అందరూ కొత్త ప్రశ్నగానే భావిస్తున్నారు. నాకు మాత్రం ఇది పెన్న ఒడ్డున ఏడువందల ఏళ్ల క్రిందటే తెలుగులో పలికిన ప్రశ్నగా కనిపిస్తుంది.

మా కొడవలూరు పెన్నకు ఉత్తరాన ఉన్నది. మద్రాసు వైపు రైలెక్కితే పడుగుపాడు దాటగానే నది, నది దాటగానే నెల్లూరు. మనుమసిద్ధి కొలువులో మంత్రిగా ఉన్న తిక్కన సోమయాజి 13వ శతాబ్దంలో విరాటపర్వం మొదలుకొని పదిహేను పర్వాలను ఆంధ్రీకరించి హరిహరనాథునికి అంకితం చేసినది అక్కడే. ఆ పదిహేనింటిలో స్త్రీపర్వం ఒకటి. ఇనుప భీముడు ఉన్నది అందులోనే.

కథ అందరికీ తెలిసినదే అయినా క్రమం ఒకసారి గుర్తు చేసుకోవాలి. యుద్ధం ముగిసింది. నూర్గురు కొడుకులనూ పోగొట్టుకున్న గుడ్డిరాజు పాండవులను కలుసుకోవడానికి వస్తాడు. ముందు ధర్మరాజును కౌగిలించుకుంటాడు. తరువాత భీముని కోసం చేతులు చాస్తాడు. ఆ చేతులలో ఉన్నది ఏమిటో కృష్ణుడు ముందే ఊహించాడు గనుక, భీముణ్ణి పక్కకు నెట్టి ఇనుప ప్రతిమను ముందుకు జరుపుతాడు. ధృతరాష్ట్రుడు దానిని బిగియార పట్టి నుగ్గు చేస్తాడు. చేసినవాడి రొమ్ము కూడా నలిగింది, నోట రక్తం వచ్చింది, నేల మీద పడిపోయాడు. సంజయుడు పట్టుకున్నాడు. కోపం దిగిపోగానే 'అయ్యో భీమా' అని ఏడవసాగాడు. అప్పుడు కృష్ణుడు చెప్పాడు: నీవు చంపినది భీముణ్ణి కాదు, ఇనుమును. భీముణ్ణి చంపినా నీ కొడుకులు తిరిగిరారు. ఆ మాట విని కొంత తేరుకున్న తరువాత ధృతరాష్ట్రుడు నిజమైన భీముణ్ణి, అర్జునుణ్ణి, మాద్రి కొడుకులను తాకి, ఏడ్చి, ఆశీర్వదించాడు.

మరి ఆ ప్రతిమ అక్కడికి ఎక్కడి నుంచి వచ్చింది? సంస్కృత భారతంలో దీనికి సమాధానం ఉన్నది. దానిని చేయించినది దుర్యోధనుడు. పాండవులు అరణ్య, అజ్ఞాతవాసాలలో ఉన్న పదమూడేళ్లూ భీముణ్ణి చంపడానికి అతడు ఇనుప పురుషుని మీద గద సాధన చేశాడని శల్యపర్వంలో కృష్ణుడే అంటాడు. స్త్రీపర్వంలో కృష్ణుడు ధృతరాష్ట్రునితో, నీ కొడుకు చేయించిన ప్రతిమనే నీకు అందించానని చెబుతాడు.

అంటే ఇనుము ఒకటే, దానికి జరిగిన అనుభవాలు రెండు. కొడుకు పదమూడేళ్లు దానిని కొట్టాడు. కొట్టే కొద్దీ పగ పెరిగిందే గాని తరగలేదు. తండ్రి ఒక్కసారి నలిపాడు. నలిపిన తరువాత ఏడ్చి, పగ వదిలి, నిజమైన మనిషిని తాకగలిగాడు. మనిషి రూపంలోని వస్తువు మీద కోపం తీర్చుకుంటే మనసు తేలికపడుతుందా, లేక చేతికి అలవాటవుతుందా అని ఈనాటి పండితులు వాదులాడుకుంటున్నారు. భారతం రెండూ జరుగుతాయంటుంది. తేడా ఎక్కడ వచ్చింది? కొడుకు సాధన చేసినప్పుడు ఇది తగదని చేయి పట్టినవాడు లేడు. తండ్రి పక్కన మాత్రం, నీవు చేసినది ఇది అని ముఖాన చెప్పినవాడు ఒకడున్నాడు. నా వ్యాసమంతా ఈ ఒక్క తేడా చుట్టూ తిరుగుతుంది.

* * *

మన పూర్వులకు కదిలే బొమ్మలు తెలియనివి కావు. 11వ శతాబ్దపు ధారానగర ప్రభువు భోజుని పేర వెలసిన సమరాంగణ సూత్రధారంలో యంత్రవిధానమని ఒక అధ్యాయమే ఉన్నది. నాట్యమాడే బొమ్మలు, ద్వారం దగ్గర ఆయుధంతో నిలిచి దొంగలను అడ్డగించే దారుపురుషులు అందులో కనిపిస్తారు. ఆ బొమ్మలకు అప్పగించిన పనులు గమనించండి. అన్నీ రాచనగరులో నౌకర్లు, దాసీలు, కావలివాళ్లు చేసే పనులే. రాజుగా చేసిన యంత్రం లేదు, పండితుడుగా చేసిన యంత్రం లేదు. యంత్రాన్ని ఊహించిన మొదటి క్షణం నుంచీ మనిషి దానిని సేవకుని స్థానంలోనే నిలబెట్టాడు.

ఆ కాలానిదే సోమదేవుని కథాసరిత్సాగరంలో ఇంకొక కథ ఉన్నది. కాంచీనగరపు వడ్రంగి సోదరులు ప్రాణధరుడు, రాజ్యధరుడు. కాంచి నెల్లూరివారికి ఎంతో దూరం కాదు గనుక వీరిని మన ఇరుగుపొరుగు వారిగానే చెప్పుకోవచ్చు. యంత్రవిద్యతో కోశాగారాన్ని దోచిన నేరం బయటపడగా ఊరు విడిచి పారిపోతారు. రాజ్యధరుడు సముద్రతీరాన జనం లేని ఒక పట్టణం చేరి, తోచుబాటు కాక, కట్టెతో పౌరులను చేసుకుంటాడు. నరవాహనదత్తుడు ఆ ఊరికి వచ్చి చూస్తే వీథులనిండా మనుషులు తిరుగుతున్నారు, అంగళ్లు నడుస్తున్నాయి, మాట మాత్రం ఒక్కటీ వినిపించదు. అందరూ కొయ్యవాళ్లే. వారి మధ్య రాజు లాగా ఒంటరిగా కూర్చున్నవాడు వడ్రంగి. ఆ కథలో నన్ను ఎప్పుడూ వెంటాడేది యంత్రాల నేర్పు కాదు, ఆ ఒంటరితనం. చుట్టూ వెయ్యిమంది సేవకులున్నా, నీవు చేసినది బాగుంది, బాగులేదు అని అనగలిగినవాడు ఆ పట్టణంలో ఒక్కడూ లేడు.

కొయ్యను, తోలును మనిషిగా ఆడించి, దానితో ఊరంతా కలిసి మాట్లాడే విద్య తెలుగునాట ఒకటి ఉన్నది. అది తోలుబొమ్మలాట. పాల్కురికి సోమనాథుని పండితారాధ్య చరిత్రలోనే బొమ్మలాటల ప్రస్తావన ఉన్నది. అనంతపురం సీమలో నిమ్మలకుంట ఈ విద్యకు ప్రసిద్ధి. నెల్లూరు జిల్లాలోనూ బొమ్మలాటగాళ్లు ఉండేవారు. తెల్లని తెర, వెనుక దీపం, దీపానికీ తెరకూ నడుమ నిలువెత్తు మేకతోలు బొమ్మలు. రామాయణ భారతాల నడుమ కేతిగాడు, బంగారక్క దూరి ఊరి సంగతులు కలిపి నవ్విస్తారు. జనం రావణుణ్ణి తిడతారు, సీతకు కన్నీరు పెడతారు, కేతిగాడికి ఎదురుమాట విసురుతారు. ఎంత కోపం వచ్చినా లేచి వెళ్లి తెరను చింపినవాణ్ణి గురించి ఎవరూ చెప్పగా వినలేదు.

ఎందుకని? బొమ్మ వెనుక మనిషి ఉన్నాడన్న ఎరుక అందరికీ ఉన్నది. ఆ మాట ఎవరి గొంతో తెలుసు. తెల్లవారితే ఆ మనిషి గింజల కోసం మన వాకిటికి వస్తాడని తెలుసు. పక్కన చాపమీద కూర్చున్న పెద్దలు చూస్తున్నారనీ తెలుసు. బొమ్మకు దక్కిన మర్యాద తోలుకు దక్కినది కాదు. దాని వెనుక ఉన్న మనిషికీ, దాని ముందు కూర్చున్న ఊరికీ దక్కినది. నేటి మరమనిషిలో మొదట మాయమైనది ఈ వెనుక మనిషే. ఉన్నాడు, లేకపోలేదు. దానిని రూపొందించినవాడు, మాటలు నేర్పినవాడు, రాత్రికి తుడిచి విద్యుత్తు పెట్టేవాడు, అందరూ ఉన్నారు. కాని తెర ఇప్పుడు చర్మమై పోయింది. వెనక్కి తొంగిచూసే సందు లేదు.

* * *

'రోబో' అన్న మాట పుట్టుకను గురించి ఇక్కడ చెప్పుకోక తప్పదు. చెక్ రచయిత కారెల్ చాపెక్ 1920లో రాసిన నాటకంలో ఈ మాట మొదట కనిపిస్తుంది. మాటను సూచించినవాడు అతని అన్న, చిత్రకారుడు యోసెఫ్. చెక్ భాషలో 'రోబోత' అంటే దొరకు కూలి లేకుండా చేసి తీరవలసిన పని. ఆస్ట్రియా సామ్రాజ్యంలో ఆ ఆచారం 1848లో రద్దయింది. ఈ మాటకు అచ్చమైన తెలుగు మన దగ్గర ఉన్నది, వెట్టి. నిజాం రాజ్యంలో వెట్టిచాకిరి ఎలా సాగిందో, దానిని ఎదిరించి ఎన్ని ఊళ్లు లేచాయో తెలుగువారికి ఎవరూ కొత్తగా చెప్పనక్కరలేదు. మరమనిషి అన్నది అందమైన అనువాదమే. కానీ మూలార్థాన్ని నిలిపి అనువదించవలసి వస్తే 'వెట్టివాడు' అనాలి. ఆ అనువాదం చెవిని పడితే, అతడితో మనం మాట్లాడే తీరు గురించి అడిగే ప్రశ్న వెంటనే పాతదైపోతుంది. వెట్టివాడితో ఎలా మాట్లాడామో మనకు తెలుసు.

తెలుగునాట జనానికి మరమనిషి మొదట పరిచయమైనది వెండితెర మీదనే అనాలి. శంకర్ తమిళ చిత్రం 2010లో 'రోబో' పేరుతో తెలుగులోకి వచ్చిన తరువాత 'చిట్టి' అన్న ముద్దుపేరు మరమనుషులందరికీ ఇంటిపేరయింది. తరువాత కొద్ది ఏళ్లకే హైదరాబాదు ఊహను నిజంగా చూసింది. 2017 నవంబరు 28న అంతర్జాతీయ వ్యాపారవేత్తల సదస్సులో బెంగళూరులో తయారైన 'మిత్ర' వేదికమీదికి వచ్చి ప్రధాని నరేంద్ర మోదీనీ, ఇవాంకా ట్రంపునూ పలకరించింది. అదే ఏడాది చివరి రోజులలో నగరంలోని ఒక సంస్థ పోలీసు మరమనిషిని తయారుచేసి జనానికి చూపింది. అంతకు ముందే, 2017 అక్టోబరులో, సౌదీ అరేబియా పౌరసత్వం పొందిన సోఫియా 2018 ఫిబ్రవరిలో ప్రపంచ సమాచార సాంకేతిక సదస్సుకు హైదరాబాదు వచ్చింది. 2019లో జూబిలీహిల్స్‌లో పళ్లేలు మోసే మరమనుషులతో ఒక భోజనశాల తెరిచారు.

ఈ వరుసలో ఒక క్రమం ఉన్నది. మిత్రకూ సోఫియాకూ వేదిక దక్కింది, పెద్దలు చేయి కలిపారు. పోలీసు మరమనిషికి కాపలా దక్కింది. భోజనశాలలోని దానికి పళ్లెం దక్కింది. భోజుని గ్రంథంలోని ద్వారపాలకుడూ పరిచారికా వెయ్యేళ్ల తరువాత అవే పనులకు అదే క్రమంలో తిరిగివచ్చారు. పళ్లెం తెచ్చిన మరమనిషి ముందు నిలబడి ఫోటో తీసుకోవడం, అది పోయే దారికి అడ్డంగా నిలబడి ఏం చేస్తుందో చూడడం, అది 'దయచేసి దారి ఇవ్వండి' అంటే నవ్వడం, ఇవి ఎక్కడైనా జనం చేసే పనులే. ఇందులో ద్వేషం లేదు. కుతూహలం ఉన్నది. కానీ అదే బల్ల దగ్గర మంచినీళ్లు పోసే కుర్రవాడి ముఖాన్ని మనం చూశామా? యంత్రానికి థాంక్యూ చెప్పి ఫోటో తీసుకున్న నోటితోనే అతణ్ణి 'ఏయ్' అని పిలిచామా? యంత్రం పట్ల మన మర్యాదను కొలిచేటప్పుడు దాని పక్కన నిలబడ్డ మనిషిని కూడా లెక్కలోకి తీసుకోకపోతే ఆ కొలత తప్పుతుంది.

తెలుగు వ్యాకరణానికి ఇందులో ఒక విచిత్రమైన పాత్ర ఉన్నది. చిన్నయసూరి బాలవ్యాకరణంలో మహత్తులు, మహతులు, అమహత్తులు అన్న విభాగం చదువుకున్నవారికి గుర్తుండే ఉంటుంది. రాముడు వచ్చాడు, సీత వచ్చింది, బండి వచ్చింది. ఏకవచనంలో సీతకూ బండికీ క్రియ ఒకటే. బహువచనంలో మాత్రం స్త్రీలు వచ్చారు, బండ్లు వచ్చాయి. అంటే ఏకవచనంలో వస్తువుల వరుసలో నిలబడిన స్త్రీ, బహువచనంలో మనుషులలో చేరుతుంది. హైదరాబాదుకు సోఫియా వచ్చినప్పుడు తెలుగు విలేఖరికి ఏ చిక్కూ రాలేదు. 'సోఫియా వచ్చింది, మాట్లాడింది' అని రాస్తే చాలు, అది వస్తువో ఆమె మనిషో తేల్చుకోవలసిన పని లేదు. చిట్టి విషయంలో అలా కుదరదు. 'చిట్టి వచ్చాడు' అన్నామంటే మనిషిని చేసినట్టే, 'వచ్చింది' అన్నామంటే యంత్రమని తీర్పు చెప్పినట్టే. సేవచేసే మరమనుషులకు ఆడగొంతు, ఆడపేరు పెట్టే అలవాటు ప్రపంచమంతటా ఉన్నది. మన భాషలో ఆ అలవాటుకు వ్యాకరణం కూడా తలుపు తీసి పెట్టింది. ఇది భాష తప్పు అనను. కానీ ఏ వరుసలో ఎవరిని నిలబెడుతున్నామో మాట్లాడేవారికి ఎరుక ఉండాలి.

* * *

ఇతర దేశాలలో మరమనుషులు వీథిలోకి మనకంటే ముందు వచ్చారు గనుక వారి అనుభవాలు కొన్ని చూద్దాం. జపానులోని ఒసాకాలో ఒక పెద్ద అంగళ్ల సముదాయంలో పరిశోధకులు ఒక మరమనిషిని తిరగనిచ్చారు. పెద్దలు దగ్గర లేనప్పుడు పిల్లలు గుమికూడి దానికి దారి అడ్డగించారు, తిట్టారు, తన్నారు. 2015లో వెలువడిన ఆ పరిశోధనలో వారు కనిపెట్టిన ఉపాయం చిత్రమైనది. చుట్టూ ఉన్నవారి ఎత్తును బట్టి పిల్లలెవరో పెద్దలెవరో అంచనా వేసి, ప్రమాదం తోచగానే మరమనిషి పెద్దలున్న వైపు పోవాలి. దాని దగ్గర ఉన్న ఒకే రక్షణ అది. అలా వేధించిన పిల్లలను తరువాత ప్రశ్నిస్తే, సుమారు సగంమంది దానికి తాము చేస్తున్నది తెలుస్తుందనే అనుకున్నారట. తెలిసే చేశారు.

అదే ఏడాది సెప్టెంబరులో జపానులోని యొకొసుకా పట్టణంలో ఒక ఫోన్ల దుకాణంలో తాగివచ్చిన అరవై ఏళ్ల మనిషి పెప్పర్ అనే మరమనిషిని తన్నాడు. అతని కోపం నిజానికి దుకాణంలోని గుమాస్తా తీరు మీద. దెబ్బ పడింది మాత్రం బొమ్మ మీద. ధృతరాష్ట్రుని కథ ఇంతకన్న సూటిగా మళ్లీ జరగదు. కోపానికి కారణం ఒక మనిషి, చేతికి అందినది ఒక లోహం.

కెనడా పరిశోధకులు తయారుచేసిన హిచ్‌బాట్ కథ మరొకటి. అది నడవలేదు. దారి పక్కన కూర్చుని, వచ్చేపోయే వాహనాలవారు ఎక్కించుకుంటే ప్రయాణం చేసే యంత్రం. 2014లో కెనడాలో తూర్పు తీరం నుంచి పడమటి తీరం దాకా సుమారు 10,000 కిలోమీటర్లు అపరిచితుల దయ మీదనే సాగింది. ఐరోపా కూడా చూసివచ్చింది. 2015 ఆగస్టు 1న అమెరికాలోని ఫిలడెల్ఫియాలో వీథి పక్కన చేతులు విరిగి, తల ఊడి దొరికింది. వేలమంది చూస్తూ ఉండగా దానికి ఏమీ కాలేదు. ఎవరూ చూడని చోట విరిగింది.

దీనికి పూర్తిగా ఎదురైన సంగతి కూడా ఉన్నది. 2013లో జెనీవాలో కేట్ డార్లింగ్ అనే పరిశోధకురాలు ఒక సమావేశంలో కొందరికి ప్లియో అనే ఆటబొమ్మ డైనోసారులను ఇచ్చి, కాసేపు ఆడుకోనిచ్చి, పేర్లు పెట్టించి, తరువాత వాటిని పగలగొట్టమన్నారు. ఎవరూ ముందుకు రాలేదు. ఒక్కదానినైనా పగలగొట్టకపోతే అన్నీ పగిలిపోతాయని బెదిరిస్తే చివరికి ఒకరు గొడ్డలి ఎత్తారు. ఆ దెబ్బ తరువాత గదిలో అందరూ నిశ్శబ్దమైపోయారట. పేరు పెట్టారు, నలుగురి మధ్య ఉన్నారు, అందుకే చేయి రాలేదు. జపానులోనే, సోనీ సంస్థ ఐబో అనే యంత్రకుక్కల మరమ్మతు 2014లో ఆపేసిన తరువాత, పాడైన ఐబోలకు చీబా ప్రాంతంలోని ఒక బౌద్ధాలయంలో అంత్యక్రియలు జరిపించారు. తన్నినదీ జపానే, దహనమంత్రం చదివినదీ జపానే. దేశాన్ని బట్టి జనాన్ని తూచడం ఇక్కడ కుదరదు.

వీటన్నిటినీ వరుసగా పెట్టి చూస్తే మొదటి ప్రశ్నే మళ్లీ వస్తుంది. పక్కన ఎవరున్నారు? పిల్లలు పెద్దలు లేనప్పుడు తన్నారు. ఫిలడెల్ఫియాలో ఎవరూ చూడనప్పుడు విరిచారు. జెనీవాలో పదిమంది మధ్య చేయి ఆగింది. మరమనిషికి నొప్పి తెలుస్తుందా లేదా అన్న ప్రశ్న తేలడానికి ఎంతకాలం పడుతుందో గాని, ఈ రెండవ ప్రశ్న మాత్రం మన చేతిలో ఉన్నది.

అయితే ఎవరో ఒకరు చూస్తూ ఉంటే సరిపోతుందా? సరిపోదని చెప్పినవాడూ తిక్కనే. ఆయన భారతరచన మొదలుపెట్టినది విరాటపర్వంతో. సైరంధ్రి వేషంలో దాసిగా ఉన్న ద్రౌపదిని కీచకుడు వెంటాడితే ఆమె రాజు కొలువు చేసిన సభకు పరుగెత్తింది. ఒసాకా మరమనిషి పెద్దల వైపు పోయినట్టే పోయింది. సభ నిండా పెద్దలున్నారు. రాజున్నాడు. వేషాలలో భర్తలు కూడా ఉన్నారు. కీచకుడు అందరి ఎదుటా ఆమెను తన్నాడు. రాజు మందలించలేకపోయాడు. ఆమె దాసి గనుక ఆ సభ ఆమెను మనిషిగా చూడలేదు. ఇనుప భీముడి కథలో వస్తువును మనిషిగా భావించి చంపబోయారు. సైరంధ్రి కథలో మనిషిని వస్తువుగా చూసి ఊరుకున్నారు. రెండు తప్పులూ ఒకే కవి ఒకే నది ఒడ్డున చెప్పాడు. రెండవదే పెద్ద తప్పు. మరమనిషిని తన్నినందుకు బాధపడే సమాజం, పళ్లెం కడిగే మనిషిని ఏకవచనంతో పిలిచినందుకు బాధపడకపోతే, ఆ బాధలో ఏదో లోపమున్నట్టే.

* * *

ఆకాశం తేటగా ఉన్న రాత్రులలో శ్రీహరికోట నుంచి రాకెట్టు లేస్తే మా వైపు వారు మిద్దె మీదికెక్కి దక్షిణం వైపు చూస్తారు. శ్రీహరికోట 2022లో జిల్లాల విభజన దాకా నెల్లూరు జిల్లాలోనే ఉండేది. ఇప్పుడు తిరుపతి జిల్లాలో ఉన్నది. తీరం మాత్రం అదే తీరం. గగన్‌యాన్ పథకంలో మనుషులకంటే ముందు పంపే నౌకలో కూర్చోబెట్టడానికి ఇస్రో ఒక ఆడరూపపు మరమనిషిని రూపొందించి 2020 జనవరిలో బెంగళూరులో జనానికి చూపింది. పేరు వ్యోమమిత్ర. కాళ్లు లేవు, నడుము పైభాగమే ఉన్నది. నౌకలో మనిషికి ఏమి కావచ్చో అది ముందు తెలుసుకోవాలి. అంటే ప్రమాదానికీ మనిషికీ నడుమ నిలబడాలి. కృష్ణుడు ముందుకు జరిపిన ఇనుప భీముడు చేసిన పని కూడా అదే కదా.

ఆ పేరులోని 'మిత్ర' అన్న మాటను గమనించండి. హైదరాబాదు వేదికమీదికి వచ్చినదాని పేరూ అదే. స్నేహితుడన్న అర్థంలో ఆ మాట సంస్కృతంలో నపుంసకలింగం, మిత్రమ్. తెలుగులోకి వచ్చాక మిత్రుడు, మిత్రురాలు అయింది. స్నేహం ఆడదీ కాదు, మగదీ కాదు, అసలు మనిషిదేనా అన్న ప్రశ్న కూడా అక్కరలేదని పాణిని నాటి భాష ముందే అన్నట్టు ఉన్నది. పేరు పెట్టినవారు ఇంత ఆలోచించి పెట్టి ఉండరు. అయినా సరిగానే కుదిరింది.

నాకు ఇనుము మీద జాలి లేదు. ఇనుముకు నొప్పి తెలియదు. కానీ ఆనాడు కౌగిలి విడిచాక ధృతరాష్ట్రుని రొమ్ము మీద మిగిలిన గాయం నిజమైనది. ఆ గాయాన్ని చూపి, నీవు చేయబోయినది ఇది అని చెప్పడానికి కృష్ణుడు పక్కన నిలబడి ఉండడం కూడా నిజమైనదే. మన ఊళ్లలోకి మరమనుషులు రావడం తప్పదు. బస్టాండులో దారి చెప్పే బొమ్మను ఒక కుర్రవాడు కాలితో తన్నితే పక్కనున్న పెద్దమనిషి, 'ఏం నాయనా, దాన్ని ఎందుకు తంతున్నావు' అని అడుగుతాడా, లేక ఫోను తీసి ఫోటో పడతాడా అన్నది చూడాలి. అడిగేవాడున్న ఊళ్లో, నేల తుడిచే ముసలమ్మతో కూడా ఎవరూ గట్టిగా మాట్లాడరని నా నమ్మకం.